ముట్టుకాడు గట్టు మీది ఉప్పు పొదలు: సుయేడా ప్రజాతి గురించి వివరంగా

మీరు అడిగినది ఇదీ: చెన్నై శివారులో కేళంబాక్కం దగ్గర మీ ఇల్లు, అక్కడి ముట్టుకాడు బ్యాక్‌వాటర్ గట్టు మీద, ఉప్పు మడుల పక్కన నీళ్ళు నింపుకున్న ఆకులతో గుబురుగా పెరిగే మొక్కలు చూశారు. మూడు ఫొటోలు పెట్టి అవన్నీ ఒకటేనా అన్నారు. అంత ఉప్పులో ఎలా బతుకుతున్నాయి, తినొచ్చా, మీ బోరు నీళ్ళలో టీడీఎస్ (కరిగి ఉన్న లవణాల కొలత) 3000 కాబట్టి వీటిని పెరట్లో నాటితే నేలలోని ఉప్పు పీల్చేసి కరివేపాకు చెట్టును బతికిస్తాయా అని కూడా అడిగారు.

మూడింటిలో రెండు సుయేడా అనే ఒకే ప్రజాతికి, అంటే దగ్గరి జాతుల గుంపుకు చెందినవి, ఒకటి వేరు. తినొచ్చు గానీ మీరు చూసిన చోటు నుంచి కోయకండి. పెరట్లో ఉప్పును మాత్రం ఈ మొక్క తీర్చలేదు. ఎందుకు తీర్చలేదో తెలియాలంటే అది ఉప్పుతో ఏం చేస్తుందో తెలియాలి. చెన్నైలో చాలాకాలంగా విద్యార్థులకు ఈ మొక్కలు చూపిస్తూ వస్తున్నాను కాబట్టి కాస్త వివరంగానే రాస్తాను.

ముందు గుర్తుపట్టే సంగతి. మొదటి ఫొటోలో బురద అంచున, మోకాలి ఎత్తు కూడా లేకుండా ఎర్రబారి ఉన్నది సుయేడా మారిటిమా. మన కోస్తాలో ఇలకూర అనేది దీన్నే. ఇక్కడివాళ్ళు ఉమరి అంటారు. అయితే ఉప్పు నేలలో పెరిగే నాలుగైదు రకాలకు ఏదో ఒక మాట ముందు చేర్చి ఉమరి అనే పిలుస్తారు, అందుకని ఊళ్ళో చెప్పిన పేరును బట్టి మొక్కను తేల్చకండి.

రెండో ఫొటోలోది సుయేడా కాదు. దానికి ఆకులే లేనట్టు కాండం కణుపులు కణుపులుగా ఉంది చూడండి. అది సాలికార్నియా గానీ, దాని దగ్గరి బంధువు టెక్టికార్నియా గానీ అయి ఉంటుంది. పాత పుస్తకాల్లో ఆ రెండోదాన్ని ఆర్త్రోక్నిమమ్ అని రాసేవారు. వీటిలో ఆకులు ఎదురెదురుగా పుట్టి, కాండానికే అతుక్కుపోయి, దాని చుట్టూ కండలా కమ్ముకుంటాయి. సుయేడాలో అలా కాదు. ఆకు విడిగా ఉంటుంది, ఒక్కో కణుపు దగ్గర ఒక్కటే పుడుతుంది. సన్నగా, పొడుగ్గా ఉంటుంది, అడ్డంగా కోస్తే గుండ్రంగానో అర్ధచంద్రాకారంలోనో కనిపిస్తుంది. అదే గట్టు మీద నేలపై పాకుతూ గులాబీ రంగు పూలు పూసేది కనబడితే అది సెసూవియం. దాని కుటుంబమే వేరు.

మూడోది, మనిషి ఎత్తు పెరిగి మొదలు మానుకట్టిన పొద, సుయేడా మోనోయికా అనుకుంటున్నాను. ఇదే ప్రజాతిలో సుయేడా న్యూడిఫ్లోరా అని ఇంకో పొద ఉంది. అది ఇంత ఎత్తు పెరగదు, పూత కొమ్మల చివరికి వెళ్ళేకొద్దీ ఆకులు బాగా చిన్నవైపోయి కొమ్మ బోసిగా కనిపిస్తుంది. మీ ఫొటోలో పూత కొమ్మ స్పష్టంగా లేదు, అందుకే ఖాయంగా చెప్పడం లేదు.

ఈసారి వెళ్ళినప్పుడు చిన్న భూతద్దం తీసుకెళ్ళండి. ఆకు కాండంతో కలిసే మూలలో ఆవగింజంత పూలు గుత్తిగా ఉంటాయి. రంగు ఆకుపచ్చే కాబట్టి చాలామంది వాటిని పూలు అనుకోరు. రక్షక పత్రాలు, ఆకర్షక పత్రాలు అని వేరుగా ఉండవు. కండ పట్టిన ఐదు తమ్మెలు, ఐదు కేసరాలు, మధ్యలో రెండు మూడు కీలాగ్రాలు, అంతే. పువ్వు అడుగున మాత్రం రెండు పల్చటి, పారదర్శకమైన పొరలు ఉంటాయి. వాటిని లఘుపుచ్ఛాలంటాం. సాలికార్నియాలో ఇవి ఉండవు. పరాగం ఎక్కువగా గాలికే పోతుంది, అందుకే తేనె, వాసన, ఆడంబరం ఏవీ లేవు.

ఇంకో పరీక్ష ఉంది, నాకు చాలా ఇష్టమైనది. నల్లబడి మెరుస్తున్న గింజలు నాలుగు తెచ్చుకుని రాత్రి మామూలు నీళ్ళలో నానబెట్టండి. పొద్దున సూదితో పై పొర చీల్చితే లోపల పిండం దోమల కాయిల్‌లా చుట్టలు చుట్టుకుని కనిపిస్తుంది. పాలకూర గింజలో అయితే పిండం ఒక్క వలయంగా ఉంటుంది, సాలికార్నియాలో మడతపడి ఉంటుంది. పంతొమ్మిదో శతాబ్దపు వృక్షశాస్త్రజ్ఞులు ఈ కుటుంబాన్ని విభజించేటప్పుడు ఈ చుట్ట పిండాన్నే ఒక పెద్ద ఆధారంగా తీసుకున్నారు.

పాలకూర మాట ఎందుకు తెచ్చానంటే అది దీనికి బంధువే. పాలకూర, బీట్‌రూట్, చక్రవర్తి కూర, క్వినోవా అన్నీ ఒకప్పుడు కీనోపోడియేసీ అనే కుటుంబంలో ఉండేవి. ఇప్పుడు ఎక్కువమంది వాటిని తోటకూర కుటుంబమైన అమరాంథేసీలో కలిపేశారు. సుయేడా ప్రజాతిలో ప్రపంచం మొత్తం మీద సుమారు 100 జాతులున్నాయి. సముద్రతీరాలు, లోతట్టు ఉప్పు సరస్సుల ఒడ్లు, చవుడు నేలలు వీటి చోట్లు. రాజస్థాన్‌లో సాంభర్ సరస్సు ఒడ్డున ఉండే సుయేడా ఫ్రూటికోసాకు సముద్రంతో పనే లేదు. చైనాలో పాంజిన్ దగ్గర మైళ్ళ పొడవునా ఎర్రగా కనిపించే తీరం ఫొటోలు చూసే ఉంటారు. అక్కడ పరుచుకున్నది సుయేడా సాల్సా.

పేరు పెట్టినాయన కథ ఒక్క ముక్కలో చెబుతాను. స్వీడన్ వృక్షశాస్త్రజ్ఞుడు లిన్నేయస్ శిష్యుడు పీటర్ ఫోర్స్‌కాల్ డెన్మార్క్ రాజు పంపిన అరేబియా యాత్రలో ఈజిప్టు, యెమెన్ తీరాల మొక్కలు వర్ణించి రాసుకుంటూ 1763లో యెమెన్‌లోనే మలేరియాతో చనిపోయాడు. అప్పటికి ఆయనకు నిండా ముప్పై రెండేళ్ళు లేవు. ఆ యాత్ర నుంచి ప్రాణాలతో తిరిగొచ్చిన ఒకే ఒక్కడు కార్స్టెన్ నీబూర్ ఆ రాతలను 1775లో అచ్చు వేయించాడు. మీ మూడో ఫొటోలోని సుయేడా మోనోయికా ఫోర్స్‌కాల్ వర్ణించిన మొక్కే. ఎర్ర సముద్రం ఒడ్డున ఆయన చూసిన పొద ముట్టుకాడులోనూ ఉంది. మొదటి ఫొటోలోని మారిటిమాకు మాత్రం లిన్నేయస్ 1753లోనే వేరే ప్రజాతి కింద పేరు పెట్టాడు, 1827లో బెల్జియం వృక్షశాస్త్రజ్ఞుడు డ్యూమోర్టియే దాన్ని సుయేడాలోకి మార్చాడు.

ఇక అసలు విషయం, ఉప్పు.

సముద్రపు నీటిలో లీటరుకు సుమారు 35 గ్రాముల లవణాలుంటాయి. మామూలు మొక్కకు అది రెండు రకాలుగా దెబ్బ. ఒకటి, వేరు చుట్టూ నీళ్ళున్నా లోపలికి లాక్కోలేదు, తడిలో నిలబడి దాహంతో వాడిపోతుంది. రెండు, ఎలాగో లోపలికి చేరిన సోడియం కణంలో పొటాషియం చేయాల్సిన పనులకు అడ్డు పడి ఎంజైములను పాడు చేస్తుంది. మీ కరివేపాకు అంచులు మాడడానికి ఇదే కారణం అయి ఉండొచ్చు. ఉప్పు నీటితో పాటు ఎక్కి, ఆకు చివర నీరు ఆవిరైపోయే చోట పేరుకుంటుంది.

మడ చెట్లు దీనికి ఒక దారి వెతుక్కున్నాయి. చాలా ఉప్పును వేరు దగ్గరే ఆపేస్తాయి. అవిసీనియా, అంటే మనం తెల్ల మడ అనేది, దాటి వచ్చిన ఆ కాస్తనూ ఆకుల మీది ఉప్పు గ్రంథుల ద్వారా బయటికి కక్కేస్తుంది. ఎండ పూట ఆ ఆకు నాలుక మీద పెట్టుకుంటే ఉప్పు పలుకులు తగులుతాయి. సుయేడాకు అలాంటి గ్రంథులు లేవు. అది ఉప్పును లోపలికి రానిస్తుంది. అంతేకాదు, నీళ్ళు లాక్కోవడానికి ఆ ఉప్పునే వాడుకుంటుంది.

ఆకు ఒకటి తుంచి వేళ్ళ మధ్య నొక్కండి. పైన పల్చటి చర్మం, లోపలంతా చిక్కని రసం. ఆ రసం ఉన్నది ఒక్కో కణం లోపల సంచిలా ఉండే రిక్తికల్లో. పెరిగిన ఆకు కణంలో ఎక్కువ భాగం ఈ రిక్తికే ఉంటుంది. సోడియం, క్లోరైడ్ అయాన్లను మొక్క శక్తి ఖర్చు పెట్టి మరీ రిక్తిక పొర దాటించి అందులోకి నెడుతుంది. దాంతో ఆకు లోపల లవణాల గాఢత బయటి నేల కంటే ఎక్కువవుతుంది, నీరు వేరు నుంచి ఆకు వైపు వస్తుంది. రిక్తిక చుట్టూ ఉన్న కణద్రవ్యంలోకి మాత్రం అంత ఉప్పు రాకూడదు, ఎందుకంటే ఎంజైములన్నీ అక్కడే పని చేస్తాయి. కానీ అక్కడ గాఢత తక్కువగా ఉంటే నీరంతా రిక్తికలోకి పోయి కణద్రవ్యం ఎండిపోతుంది. అందుకని ఆ భాగంలో మొక్క గ్లైసిన్ బీటైన్ అనే పదార్థాన్ని తయారు చేసి నింపుకుంటుంది. అది ఎంజైములకు హాని చేయదు, నీటిని నిలుపుతుంది. మొదట దాన్ని కనుక్కున్నది చక్కెర దుంపలో. అదీ ఈ కుటుంబానిదే.

ఇక్కడ చాలామంది పొరబడే విషయం ఒకటుంది. ఉప్పులో బతుకుతుంది కాబట్టి దీని ఎంజైములు ఉప్పుకు గట్టివని అనుకుంటారు. 1970ల మొదట్లో ఆ ఎంజైములను బయటికి తీసి పరీక్షించారు. ఉప్పు తగిలితే అవీ బఠాణీ, చిక్కుడు ఎంజైముల్లాగే నీరసపడ్డాయి. అంటే గట్టితనం ఎంజైములో లేదు, ఉప్పును ఎంజైముకు దూరంగా ఉంచే ఏర్పాటులో ఉంది. ఇంగ్లండ్‌లోని ససెక్స్ యూనివర్సిటీలో టిమ్ ఫ్లవర్స్, ఆయన బృందం దశాబ్దాల పాటు సుయేడా మారిటిమా మీదే పని చేసి ఈ విషయాలు తేల్చారు. ఉప్పు బొత్తిగా లేని నీళ్ళు పోసి పెంచితే ఈ మొక్క చావదు గానీ గిడసబారిపోతుంది. సముద్రపు నీటిలో మూడో వంతు నుంచి సగం దాకా ఉప్పు ఉన్నప్పుడు బాగా పెరుగుతుంది.

కండ పట్టిన ఆకు కూడా ఈ ఏర్పాటులో భాగమే. వచ్చిన ఉప్పుకు తగ్గట్టు నీరు కూడా పెంచుకుంటే గాఢత ప్రమాదం దాకా పోదు, అందుకే ఉప్పు పెరిగేకొద్దీ ఆకు లావెక్కుతుంది. ఇక పట్టదు అన్న స్థితికి వచ్చిన ముసలి ఆకులు ఎండి రాలిపోతాయి. ఈ రాలడం గుర్తుపెట్టుకోండి, మీ పెరటి దగ్గర మళ్ళీ పనికొస్తుంది.

ఎర్ర రంగు సంగతి. మీరు పండుటాకులు అనుకున్నారు గానీ అవి చక్కగా బతికే ఉన్నాయి. ఆ ఎరుపు బీట్‌రూట్‌లో ఉండే రకం రంగే, బీటాసయానిన్. మందారం, వంకాయల్లో ఉండే ఆంథోసయానిన్ ఈ కుటుంబంలో తయారు కాదు. ఉప్పు ఎక్కువైనా, వేళ్ళు నీటిలో మునిగి ఉన్నా, ఎండ తీవ్రమైనా సుయేడా ఈ రంగు పెంచుకుంటుంది. అందుకే ఒకే జాతి మొక్కలు నీటి అంచున ఎర్రగా, రెండడుగుల పైన గట్టు మీద పచ్చగా కనిపిస్తాయి. వానలు పడ్డాక వెళ్ళి చూస్తే ఆ ఎరుపు చాలావరకు తగ్గి ఉంటుంది.

మీరు అడగలేదు గానీ ఈ ప్రజాతి గొప్పతనం చెప్పకుండా ఉండలేను. మీ మొదటి ఫొటోలోని మారిటిమా, మూడో ఫొటోలోని మోనోయికా పక్కపక్కనే పెరుగుతూ కిరణజన్య సంయోగక్రియ మాత్రం రెండు రకాలుగా చేస్తాయి. మారిటిమా వరిలాగా సి3, మోనోయికా జొన్నలాగా సి4. సి4 దారిలో కార్బన్ డయాక్సైడ్‌ను ముందు ఒక చోట పట్టి, ఇంకో చోట చిక్కగా విడుదల చేసి చక్కెరగా మారుస్తాయి. దానివల్ల తక్కువ నీరు ఖర్చు పెట్టి ఎక్కువ పని అవుతుంది. ఎండా ఉప్పూ కలిసిన చోట అది పెద్ద లాభం. జొన్నలో ఈ రెండు పనులకూ రెండు రకాల కణాలుంటాయి, మోనోయికాలోనూ అంతే. మధ్య ఆసియా ఉప్పు ఎడారుల్లో ఉండే సుయేడా అరలోకాస్పికా అనే జాతి మాత్రం ఈ రెండు పనులనూ ఒకే కణంలో, రెండు చివరల్లో చేస్తుందని 2001లో బయటపడింది. అప్పటిదాకా నేల మొక్కల్లో సి4 జరగాలంటే రెండు రకాల కణాలు ఉండి తీరాలని పాఠ్యపుస్తకాలన్నీ చెప్పేవి. వరిని సి4గా మార్చాలని పని చేస్తున్నవాళ్ళు కూడా ఈ చిన్న మొక్క వైపు ఆశగా చూశారు.

తినడం గురించి. లేత ఆకులు తినొచ్చు. మన కోస్తా ఊళ్ళలో ఇలకూర ఉడికించి, ఆ నీళ్ళు పారబోసి, పప్పులోనో రొయ్యల్లోనో వేసి వండుకుంటారు. ఉప్పు విడిగా వేయాల్సిన పని ఉండదు. ఎండిన ఆకు బరువులో పావు వంతు, ఒక్కోసారి అంతకు మించి లవణాలే ఉంటాయి. కాబట్టి బీపీ ఉన్నవాళ్ళు దూరంగా ఉండాలి. పాలకూరలాగే ఆక్సలేట్లు ఉంటాయి, కిడ్నీ సమస్య ఉన్నవాళ్ళకూ పనికిరాదు. భావ్‌నగర్‌లోని కేంద్ర పరిశోధన సంస్థ ఒకటి మీ రెండో ఫొటోలోని సాలికార్నియా నుంచి వంట ఉప్పు తయారు చేసే పద్ధతి కూడా కనిపెట్టింది.

అయితే చెన్నై చుట్టుపక్కల కోసి తినొద్దు అంటున్నాను, అందులో మొహమాటం లేదు. సోడియాన్ని ఇంత తేలిగ్గా లోపలికి రానిచ్చే మొక్క నేలలో ఉన్న సీసం, కాడ్మియం లాంటి లోహాలను కూడా కొంత తీసుకుంటుంది. ఎన్నూరు వాగు ఒడ్డున థర్మల్ కేంద్రాల బూడిద ఏళ్ళ తరబడి పేరుకుంది. అడయారు ముఖద్వారానికి నగరం మురుగంతా వస్తుంది. ముట్టుకాడు వాటికంటే మెరుగే, కానీ ఓఎంఆర్ (పాత మహాబలిపురం రోడ్డు) వెంట కట్టిన ఇళ్ళ నీళ్ళు ఎటు పోతున్నాయో మీరు రోజూ చూస్తూనే ఉంటారు. రుచి చూడాలనుంటే గింజ తెచ్చి కుండీలో పెంచుకోండి.

ఇప్పుడు మీ పెరడు. సుయేడా ఉప్పు పీలుస్తుందన్న మాట నిజమే. చిదంబరం దగ్గరి అన్నామలై యూనివర్సిటీ పరిశోధకులు 2007లో ప్రచురించిన పనిలో, సుయేడా మారిటిమా హెక్టారు ఉప్పు నేల నుంచి నాలుగు నెలల్లో సుమారు 500 కిలోల సోడియం క్లోరైడ్‌ను తీయగలదని లెక్క కట్టారు. ఉప్పు నేలల బాగుకు ఇది విలువైన పరిశోధన. ఈ మాట వాట్సాప్‌లో తిరిగి తిరిగి 'ఈ మొక్క నాటితే ఉప్పు మాయం' అనే రూపంలో మీ దాకా వచ్చి ఉంటుంది.

లెక్క వేద్దాం. మీ పెరడు 100 చదరపు మీటర్లు అనుకోండి. ఆ లెక్కన నాలుగు నెలలకు 5 కిలోల ఉప్పు మొక్కల్లోకి పోతుంది. అదీ పెరడంతా సుయేడానే ఉండి, కరివేపాకుకు చోటే లేకపోతే. 3000 టీడీఎస్ అంటే లీటరుకు 3 గ్రాములు. రోజుకు 400 లీటర్లు పారిస్తే 1.2 కిలోల లవణాలు మీరే నేలలో పోస్తున్నారు. నాలుగు నెలలకు 144 కిలోలు. 144 వేసి 5 తీస్తే ఏం మిగిలిందో చూడండి. పైగా తీసిన ఆ 5 కూడా మొక్కను కోసి పెరటి బయట పారేస్తేనే పోయినట్టు. అలాగే వదిలేస్తే పైన చెప్పినట్టు ముసలి ఆకులు రాలి, లోతు నుంచి లాగిన ఉప్పు మళ్ళీ పై మట్టిలోకే చేరుతుంది.

నేలలోని ఉప్పును తీసుకెళ్ళేది నీటి కదలిక. దీనికి మన దగ్గరే పెద్ద ఉదాహరణ ఉంది, పిచ్చవరం. బ్రిటిష్ కాలం నుంచి మడ చెట్లను పట్టీలు పట్టీలుగా పూర్తిగా నరికేసేవారు. నరికిన చోట నేల కుంగి పళ్ళెంలా అయింది. పోటు వచ్చినప్పుడు చేరిన నీరు పోటు తీసినా బయటికి పోలేక అక్కడే ఇంకి, ఎండి, ఉప్పు విపరీతంగా పేరుకుంది. మడ మొలవలేదు, సుయేడా లాంటివే మిగిలాయి. తరమణిలోని ఎం.ఎస్. స్వామినాథన్ పరిశోధనా సంస్థ, అటవీ శాఖ కలిసి 1990లలో ఆ పళ్ళేలకు కాలువలు తవ్వి నీరు వచ్చిపోయేలా చేశాక ఉప్పు తగ్గింది, మడ తిరిగి లేచింది. అన్నేళ్ళు అక్కడున్న ఉప్పు మొక్కలు చేయలేని పని కాలువలు చేశాయి.

మీకు ఆ కాలువల పని వాన చేస్తుంది. చెన్నైలో ఏడాదికి సగటున 1400 మిల్లీమీటర్ల దాకా వాన పడుతుంది, ఎక్కువ భాగం అక్టోబరు నుంచి డిసెంబరు లోపే. మీ 100 చదరపు మీటర్ల మీదే లక్షా నలభై వేల లీటర్ల మంచినీళ్ళన్నమాట. పెరట్లో సిమెంటు పరిచి ఉంటే తీసేయించండి. గట్లు కట్టి ఆ మూడు నెలల వాన మట్టిలోంచి కిందికి దిగేలా చేయండి, పై ఉప్పు కడుక్కుపోతుంది. మిద్దె మీది నీటిని బోరు పక్కన ఇంకుడు గుంతకు మళ్ళించండి. తమిళనాడులో 2003 నుంచి ఇది ఎలాగూ తప్పనిసరే. మిగతా నెలల్లో కరివేపాకు, మల్లె లాంటి నాజూకు వాటికి నిల్వ చేసిన వాన నీళ్ళు గానీ, బియ్యం కూరగాయలు కడిగిన నీళ్ళు గానీ పోయండి. బోరు నీటికి సపోటా, కొబ్బరి, కానుగ, గంగరావి ఓర్చుకుంటాయి. ఇంకో మాట, టీడీఎస్ ఒక్కటే చూసి వదిలేయకుండా నీటిలో సోడియం ఎంత ఉందో కూడా పరీక్ష చేయించండి. సోడియం ఎక్కువైతే మట్టి గట్టిపడి నీరు దిగదు. అప్పుడు వాన కూడా పని చేయాలంటే ముందు జిప్సం వేయాల్సి వస్తుంది.

సుయేడా కుండీలో పెంచాలంటే గింజలు చాలు. గట్టు మీది మొక్కను పీకి తేవద్దు. ఆ వేళ్ళే అక్కడి మట్టిని కోసుకుపోకుండా పట్టి ఉంచుతున్నాయి, పీకి తెచ్చినది బతకడం కూడా కష్టం. ఇసుక కలిపిన మట్టిలో గింజలు చల్లి మొలిచేదాకా మంచినీళ్ళే పోయండి. ప్రకృతిలో కూడా వాన పడి పై ఉప్పు కరిగి పలచబడ్డాకే ఇవి ఎక్కువగా మొలుస్తాయి. నాలుగైదు ఆకులు వచ్చాక మీ బోరు నీళ్ళు మొదలుపెట్టండి. అదే మట్టితో ఇంకో కుండీకి వాన నీళ్ళు మాత్రమే పోసి రెండు నెలల తర్వాత రెండింటి ఆకులూ తుంచి పక్కపక్కన పెట్టి చూడండి. లావులో తేడా కంటికే తెలుస్తుంది.

మూడో ఫొటోలోని పొద ఏదో ఖాయం చేయాలంటే పూత కొమ్మ చివరి జానెడు దగ్గరగా తీసిన ఫొటో, అదే కొమ్మ కింది ఆకుల ఫొటో పెట్టండి. పక్కన స్కేలు గానీ రూపాయి బిళ్ళ గానీ ఉంచితే కొలత కూడా తెలుస్తుంది.